చోడవరంలో మార్నింగ్ షో

పరదేశి సినిమాలు ఢిల్లీలో చూశారు, కలకత్తాలో చూశారు, త్రివేండ్రంలోనైతే లేచి నిలబడి మరీ చప్పట్లు కొట్టారు. చోడవరంలో మాత్రం ఇంటర్వెల్ దాకా చూశారు.

అది 1982 నాటి సంగతి. 'చెరుకు గెడ' ఆయన మొదటి సినిమా. చెరుకు నరికే కూలీల మీద తీశాడు. మన ఊరివాడు సినిమా తీశాడట అని చోడవరం చోడవరమంతా మార్నింగ్ షోకి కదిలింది. మాడుగుల నుంచీ, కె.కోటపాడు నుంచీ కూడా బస్సులెక్కి వచ్చారు. ఇంటర్వెల్ బెల్లు మోగింది. జనం బయటికొచ్చారు, సోడాలు తాగారు, సైకిళ్ళు తీసుకుని ఎవరి దారిన వాళ్ళు వెళ్ళిపోయారు. పరదేశి గేటు పక్కన నిలబడి ఆ వీపులన్నీ చూశాడు. ఒక ముసలి రైతు మాత్రం జాలిపడి ఆగాడు.

"తప్పట్టుకోకు బాబూ. బాగానే తీసేవు. కాపోతే మా పొలం మాకే సూపించేవు. అది సూడ్డానికి టిక్కెట్టెందుకు, గట్టు మీద నిలబడితే కనపడతాది."

ఆ మాట పన్నెండేళ్ళు పరదేశి చెవిలో ఉండిపోయింది. ఈ పన్నెండేళ్ళలో ఆయన ఊరుకున్నాడా అంటే లేదు. కొండ మీద పోడు భూముల గురించి 'కొండపోడు' తీశాడు. విశాఖపట్నం ఫ్యాక్టరీలకు వలసపోయిన పల్లె కుటుంబాల మీద 'మూడో షిఫ్టు' తీశాడు. రెండింటికీ బహుమతులొచ్చాయి, పేపర్లు రాశాయి, కాలేజీల వాళ్ళు పిలిచి దండలేశారు. హాలు మేనేజరు సత్యారావు మాత్రం ఆ రెండు సినిమాల డబ్బాలూ చోడవరం దరిదాపులకి రానివ్వలేదు. "అవార్డు సినిమాలు మనకెందుకు బాబూ" అని నవ్వేసేవాడు. ఇంకొకరైతే ఊరి మీద అలిగి కూర్చునేవారే. పరదేశికి అలక రాలేదు, పంతం వచ్చింది. ఎన్ని ఊళ్ళు మెచ్చుకున్నా సరే, చోడవరం హాల్లో తన సినిమా ఒక్క ఆట, ఎవరూ లేచిపోకుండా చివరిదాకా ఆడాలి. ఆ ఒక్కటీ జరిగిన రోజున తను నిజంగా సినిమా తీసినట్టు అనుకున్నాడు.

పేరు మార్చుకోమని మద్రాసులో చాలామంది చెప్పారు. పోస్టరు మీద పరదేశి అంటే ఎవరో దేశదిమ్మరి అనుకుంటారన్నారు. ఆయన వినలేదు. తనకు ముందు పుట్టిన ఇద్దరు మగపిల్లలు పురిట్లోనే పోతే, వీడైనా దక్కుతాడని తల్లి పెట్టుకున్న పేరది. దక్కాడు. ఆ తల్లి మాత్రం దక్కలేదు. పరదేశికి ఎనిమిదేళ్ళప్పుడు ఆమె పోయింది. అదే ఏడాది అక్క సన్యాసమ్మ ఇరవై రెండేళ్ళకే మొగుణ్ణి పోగొట్టుకుని పుట్టింటికి వచ్చేసింది. ఇంక తల్లయినా తండ్రయినా ఆవిడే. చెరుకు తోటలో కలుపు తీసి, బెల్లం పొయ్యి దగ్గర పిప్పి ఎండబెట్టి, తమ్ముణ్ణి చెయ్యి పట్టుకుని బడికి నడిపించుకెళ్ళింది. పరదేశి ఏ సభలో మాట్లాడినా అక్క పేరు చెప్పకుండా దిగేవాడు కాదు. ఆ తర్వాత ఇంకో మాట కూడా తప్పకుండా చెప్పేవాడు: "నా సినిమాలో అబద్ధం ఉండదు." ఆ మాట దగ్గర గొంతు కొంచెం పెరిగేది. పెరిగితే పెరిగింది, నిజంగానే ఉండేది కాదు మరి.

ఏ సినిమా మొదలెట్టినా ఆయన చోడవరం శివార్లలోని అక్క ఇంటి ముందే కొబ్బరికాయ కొట్టి మొదలెట్టేవాడు. దేవుడి మీద పెద్ద నమ్మకం లేకపోయినా, పనివాళ్ళ మాట కాదనలేక కొట్టేవాడు. కెమెరాకి పసుపు రాసి, కర్పూరం వెలిగించి, కాయ చేతిలోకి తీసుకుని వెనక్కి తిరిగి చూస్తే అక్క ఉండేది కాదు. "అప్పా" అని కేకేస్తే వంటింట్లోంచి జవాబొచ్చేది: "నువ్వు కానీరా, ఉప్మా అడుగంటుతాది." ప్రతిసారీ ఉప్మానే అడుగంటేది. ఇంతమందికి వండిపెట్టే మనిషి కదా, తీరికెక్కడిది అనుకుని పరదేశి కాయ కొట్టేసేవాడు.

1994 మార్చిలో అలాగే కాయ కొట్టి 'నల్లబెల్లం' మొదలెట్టాడు. చోడవరం చుట్టుపక్కల ప్రతి ఇంటికీ తెలిసిన సంగతే అది. మంచి బెల్లం బజారుకి పోతుంది. మాడిన నల్లబెల్లం నాటుసారా బట్టీకి పోతుంది. బెల్లం వండినవాడే సాయంత్రానికి ఆ సారా తాగి పడిపోతాడు. అలా మొగుడు పోయిన ఒక ఆడమనిషి, పదోరోజున ఏటి గట్టు మీద తన బొట్టు తుడిచేశాక, తడిబట్టలతోనే పేటలోని ఆడవాళ్ళని వెంటేసుకుని సారా కొట్టు మీదికి వెళ్తుంది. అదీ కథ.

ఆ వేషానికి మద్రాసు నుంచి వచ్చిన నటి మూడో రోజున చల్లగా జారుకుంది. ఏదో పెద్ద సినిమాలో చెల్లెలి వేషం వచ్చిందట. కెమెరా తిరిగి ఇచ్చెయ్యడానికి పన్నెండు రోజులే ఉన్నాయి. చెరుకు సీజను అయిపోతే బెల్లం పొయ్యిలు ఆరిపోతాయి. మళ్ళీ ఏడాది ఆగాలి, ఆగితే ఆ సినిమా ఉండదు. పరదేశి బెంబేలు పడలేదు. 'చెరుకు గెడ'లో అందరూ ఊరివాళ్ళే కదా, ఈ వేషం కూడా అక్క ఉండే పేటలో ఆడవాళ్ళెవరైనా వేస్తారు అనుకున్నాడు. అక్కడే పప్పులో కాలేశాడు.

పేటలో ఒక్క ముత్తయిదువ కూడా ఒప్పుకోలేదు. వండుతాం అన్నారు, అరుస్తాం అన్నారు, సారా కొట్టు మీద రాళ్ళేస్తాం అన్నారు. బొట్టు తుడిపించుకోవడం అనేసరికి గుమ్మాల్లోంచి లోపలికి వెళ్ళిపోయారు. పరదేశి మూఢనమ్మకాల మీద ఒక చిన్న ఉపన్యాసం ఇచ్చాడు. పక్కింటి కనకమహాలక్ష్మి చంటిదాన్ని చంకనేసుకుని అంతా ఓపిగ్గా విన్నది.

"నువ్వు సదువుకున్నోడివి బాబూ, నువ్వు సెప్పింది నిజమే అవుద్ది. కాపోతే నీ సినిమా మూడు గంటల్లో అయిపోద్ది. నా మొగుడు నాకు ఎల్లకాలం ఉండాల."

పరదేశి ఆ మధ్యాహ్నం అన్నం ముందు కూర్చుని కెలుకుతుంటే సన్యాసమ్మే పులుసు పోస్తూ అన్నది.

"అచ్చియ్యమ్మని అడగరాదేటి?"

అచ్చియ్యమ్మ వీధి చివర ఉంటుంది, వరసకి వాళ్ళకి తమ్ముడి భార్య. ముప్పై ఎనిమిదేళ్ళ మనిషి. మొగుడు ఎనిమిదేళ్ళ కిందట సారా తాగి, బెల్లం పొయ్యి పక్కనే పోయాడు. ఇద్దరు పిల్లల్ని చెరుకు కోతతోనే పెంచుతోంది. కథ ఆవిడదేనన్నా తప్పులేదు.

"చివర్లో సరే అప్పా, మొదట్లో ఆ పాత్ర బొట్టుతో, గాజులతో, పువ్వులతో ఉండాలి కదా. ముండమోసిన మనిషి పువ్వులు పెట్టుకుందని పేట ఊరుకుంటుందా?"

"అదీ నిజమే" అంది సన్యాసమ్మ, గిన్నె మీద మూతపెట్టి. "కాపోతే అడిగితే నష్టమేటి?"

చూశారా ఎంత చిక్కొచ్చిందో. మొగుడున్నవాళ్ళు సగం సినిమా తర్వాత పనికిరారు. మొగుడు లేని మనిషి సగం సినిమా దాకా పనికిరాదు. ఇలాంటి తంటా మద్రాసులో ఏ దర్శకుడికీ వచ్చి ఉండదు. పరదేశి సాయంత్రం వెళ్ళి అడిగాడు. అచ్చియ్యమ్మ కొడవలి నూరుకుంటూ అంతా విని, ఒకే ఒక్క ప్రశ్న వేసింది.

"సినిమా ఎక్కడ ఆడతాది బావా?"

"చోడవరంలో ఆడిస్తాను. ముందు ఇక్కడే."

"అయితే వస్తాను."

మర్నాడు పొద్దున్న ఆవిడ బొట్టు పెట్టుకోవడం చూడ్డానికి పేట పేటంతా వచ్చింది. షూటింగు చూడ్డానికి కూడా అంతమంది రాలేదు. మేకప్ మనిషి స్టిక్కర్ల అట్ట తీశాడు. అచ్చియ్యమ్మ దాన్ని పక్కకి నెట్టింది. "అంటించేది ఒద్దు" అని కుంకుమ భరిణె అడిగి, అద్దంలో చూసుకుంటూ వేలితో గుండ్రంగా పెట్టుకుంది. ఎనిమిదేళ్ళయినా వేలు దారి మరిచిపోలేదు. ఎవరో నోరు నొక్కుకున్నారు. ఎవరో కలికాలం అన్నారు. కులపెద్ద బంగార్రాజు గొంతు సవరించుకుని ఏదో అనబోయాడు. అంతలో సన్యాసమ్మ వంటింటి గుమ్మంలోంచే, "బంగార్రాజుబాబూ, మీకు టీలో పంచదారెయ్యాలా, బెల్లమెయ్యాలా?" అని అడిగింది. ఆయన బెల్లం అన్నాడు. ఆ టీతో పాటు ఆ మాట కూడా మింగేశాడు.

ఇంక పని పరుగెత్తింది. అచ్చియ్యమ్మకి నటించడం రాదు, అదే ఆవిడ గొప్ప. పెనంలో రసం మరుగుతుంటే "ఇంకోసారి" అన్నాడు పరదేశి ఒకరోజు. "పాకం ఇంకోసారి రాదు బావా" అని ఆవిడ కెమెరాకి వీపు తిప్పి తెడ్డు పట్టుకుని పోయింది. కెమెరామన్ ధర్మతేజ విశాఖపట్నం కుర్రాడు, మహా పెంకి. వాడే తల వంచి ఆవిడ వెనకాల పరుగెత్తడం నేర్చుకున్నాడు. వారం తిరిగేసరికి పరదేశికి లోపల ఒక ధీమా వచ్చింది. ఈసారి ఊరు కూర్చుంటుంది అనిపించింది.

ఆఖరి రోజు ఏటి గట్టు సీను. ఫిలిం నాలుగు నిమిషాలకి సరిపోయే ఒక్క డబ్బా మిగిలింది. అంటే ఒక్కటే టేకు. బొట్టు తుడిచే ముగ్గురు విధవల్లో సన్యాసమ్మ ఉండాలని పరదేశే అడిగాడు. ఆ తంతు ఆవిడకి వచ్చినంతగా పేటలో ఎవరికీ రాదు. ఎవరింట్లో మగాడు పోయినా పదోరోజున ఏటి దగ్గరికి ఆవిడకే కబురొచ్చేది. ఎనిమిదేళ్ళ కిందట ఇదే గట్టు మీద అచ్చియ్యమ్మ బొట్టు తుడిచింది కూడా ఆవిడే. పరదేశి అప్పుడు ఊళ్ళో లేడు. ఎక్కడో సభలో ఉన్నాడు.

రెండుసార్లు రిహార్సల్ చేశారు. సన్యాసమ్మ తడిగుడ్డతో తుడుస్తుంది, మిగతా ఇద్దరూ గాజులు చిదుపుతారు, అచ్చియ్యమ్మ కాసేపు కూలబడి ఏడ్చి, లేచి నడుస్తుంది. మాటలు లేవు. పరదేశి "యాక్షన్" అన్నాడు. కెమెరా తిరిగింది. సన్యాసమ్మ గుడ్డ పిండి అచ్చియ్యమ్మ నుదుటి దాకా చెయ్యి తీసుకెళ్ళింది. అచ్చియ్యమ్మ ఆ మణికట్టు పట్టుకుంది. రిహార్సల్లో అది లేదు.

"ఒద్దు వదినా."

ధర్మతేజ కెమెరా మీంచి కన్ను తియ్యకుండానే పరదేశి వైపు చెయ్యి ఊపాడు, ఆపనా అని. పరదేశి కదల్లేదు.

"ఒకపాలి తుడిసేసేరు, ఊరుకున్నాను. తాగింది ఆడు, సచ్చింది ఆడు, తుడిసింది నా బొట్టు. నానేటి సేసేను? రెండోపాలి తుడవనివ్వను."

సన్యాసమ్మ చేతిలో గుడ్డ నీళ్ళు కారుతోంది. ఆవిడ చెయ్యి వెనక్కి లాక్కోలేదు. అలాగే గట్టు మీద కూలబడిపోయింది.

"నాకేటి సరదావే? నాకు ఇరవై రెండేళ్ళప్పుడు ఇక్కడే తుడిసేరు. అప్పట్నుంచి ఎవుల బొట్టు తుడవాలన్నా నన్నే పిలుస్తారు. పెళ్ళికి పిలవరు. పిలిసినా వంటింట్లోనే. నాను పెంచిన తమ్ముడు కొబ్బరికాయ కొట్టి మంచిపని మొదలెట్టినా, నాను వంటింట్లోనే. ఎదురొస్తే ఆడికెక్కడ సెడు జరుగుద్దోనని."

"తమ్ముడు రమ్మన్నేదా వదినా?"

"ఆడికి తెల్దు" అంది సన్యాసమ్మ. "ఆడికి లోకంలో కష్టాలన్నీ తెలుసు. ఇది తెల్దు."

గుడ్డ ఏట్లో వదిలేసింది. నీళ్ళు దాన్ని తీసుకుపోయాయి. అచ్చియ్యమ్మ ఆవిడ చెయ్యి పట్టుకుని లేపింది, ఇద్దరూ గట్టు ఎక్కి ఊరి వైపు నడిచారు. పరదేశి కట్ చెప్పలేదు. చెప్పాలన్న సంగతే గుర్తు లేదు. డబ్బాలో ఫిలిం అయిపోయి కెమెరా టపటపా కొట్టుకుంటుంటే ధర్మతేజే ఆపి, "సార్, అయిపోయింది" అన్నాడు. పరదేశి ఏటి వైపు తిరిగి నిలబడ్డాడు. సిగ్గు పుట్టింది ఆయనకి. పెద్ద పెద్ద సభల్లో గొంతు పెంచి మాట్లాడిన మనిషికి, నాలుగు సినిమాలకి నాలుగుసార్లు అడుగంటిన ఉప్మా ఇప్పుడు అర్థమైంది.

ఆ రాత్రి భోజనాల దగ్గర ఆయన ఏదో అనబోతే సన్యాసమ్మ అననివ్వలేదు. "నోటికొచ్చింది వాగేనురా. పనికిరాపోతే తీసేయి" అని చారు వడ్డించింది. అచ్చియ్యమ్మ మాత్రం ఆ రోజు పెట్టిన కుంకుమ మళ్ళీ తియ్యలేదు. మర్నాడు దానితోనే కోతకి వెళ్ళింది. నెల్లాళ్ళు జనం మాట్లాడుకున్నారు. తర్వాత చెరుకు ధర గురించి మాట్లాడుకోవడం మొదలెట్టారు.

మద్రాసులో ఎడిటర్ అనిల్‌కుమార్ ఆ రీలు చూసి కుర్చీలోంచి లేచాడు. పాతికేళ్ళ సర్వీసులో ఇలాంటి షాటు చూడలేదన్నాడు. పరదేశి తెచ్చిన మాడుగుల హల్వా తింటూనే ఫిలిం మీద పెన్సిలుతో రెండు గీతలు గీశాడు.

"ఇక్కణ్ణుంచి ఇక్కడికి తీసేద్దాం సార్. ఈ తమ్ముడెవడు? మన కథలో ఈవిడకి తమ్ముడే లేడు. ప్రేక్షకుడు తికమకపడతాడు."

న్యాయంగా చెప్పాలంటే అనిల్‌కుమార్ మాట సరైందే. ఆ ఇరవై సెకన్లు తీసేస్తే కథకి నష్టం లేదు, ఎవరూ కనిపెట్టరు కూడా. పరదేశికి ఆశ పుట్టలేదంటే అది అబద్ధం. బయట ఊళ్ళలో సరే, ఎవరికి తెలుస్తుంది? చోడవరంలో మాత్రం ప్రతివాడికీ తెలుస్తుంది. పన్నెండేళ్ళుగా ఏ హాల్లో అందరూ కూర్చోవాలని కలలు కన్నాడో, ఆ హాల్లోనే తన పరువు తెర మీద పరిచినట్టవుతుంది. ఊళ్ళో కష్టాలన్నీ తెలిసిన మనిషికి తన వంటింట్లో ఏముందో తెలీదట అని నవ్వుకుంటూ లేచిపోతారు. రెండు రోజులు ఆ గీతల మధ్య ఫిలింముక్కని ముందుకీ వెనక్కీ తిప్పించుకుని చూశాడు. మూడోరోజున గీతలు తుడిచేశాడు.

"ఉంచు."

"అర్థం కాదు సార్."

"మద్రాసులో కాదు. చోడవరంలో అవుతుంది."

1995 ఫిబ్రవరిలో సత్యారావు గడ్డం గోక్కుంటూ మార్నింగ్ షో ఒక్కటి ఇచ్చాడు. అది కూడా శుక్రవారం ఒక్కరోజే. "నిషేధం వచ్చీసింది కదా బాబూ, సారా సినిమా ఇప్పుడెవులు సూస్తారు" అని ముందే చెప్పాడు. మ్యాట్నీ నుంచి మామూలుగా ఫైటింగ్ సినిమా ఉంది, దాని పోస్టరు కూడా అప్పుడే అంటించేశారు. పరదేశి ఆ శుక్రవారం గేటు పక్కన, పన్నెండేళ్ళ కిందట నిలబడ్డ చోటే నిలబడ్డాడు.

పేట పేటంతా వచ్చింది. అచ్చియ్యమ్మ పిల్లలతో ముందు వరసల్లో కూర్చుంది. కనకమహాలక్ష్మి చంటిదానితో పాటు మొగుణ్ణి కూడా లాక్కొచ్చింది. సన్యాసమ్మ ఆడవాళ్ళ వైపు, గోడవారగా కూర్చుంది. హాలు నిండింది. నిండడం మొదటిసారి కూడా నిండింది లెండి. అసలు సంగతి ఇంటర్వెల్‌లో తెలుస్తుంది.

ఇంటర్వెల్ బెల్లు మోగింది. సోడాల వాడు బండి నెట్టుకుని గేటు దాకా వచ్చాడు. నలుగురైదుగురు మగాళ్ళు బయటికొచ్చి చుట్టలు కాల్చుకున్నారు. వాళ్ళ సైకిళ్ళ వైపే చూస్తూ పరదేశి లోపల లెక్కపెట్టుకుంటున్నాడు. రెండో బెల్లు మోగింది. చుట్టలు సగంలో ఆర్పేసి అందరూ లోపలికి వెళ్ళిపోయారు. సోడాల వాడు పరదేశి వైపు గుర్రుగా చూసి, "ఏం సినిమా తీసేవు బాబూ, ఒక్క సోడా తెగ్నేదు" అన్నాడు. పరదేశి సినిమాలకి వచ్చిన మెప్పులన్నిట్లోకీ అదే గొప్పది. ఆ మాట ఆయనే తర్వాత ఎన్ని సభల్లో చెప్పుకున్నాడో.

ఏటి గట్టు సీను వచ్చేసరికి ఆయన తలుపు తోసుకుని లోపల నిలబడ్డాడు. తెర నిండా తడిగుడ్డ పట్టుకున్న అక్క చెయ్యి. 'రెండోపాలి తుడవనివ్వను' అని అచ్చియ్యమ్మ అనగానే ఆడవాళ్ళ వైపు నుంచి ఎవరో గట్టిగా ఊపిరి వదిలారు. తర్వాత సన్యాసమ్మ గొంతు. నాను పెంచిన తమ్ముడు. కొబ్బరికాయ. వంటింట్లోనే. హాల్లో తలలు ఒక్కొక్కటిగా వెనక్కి తిరిగాయి. చీకట్లో కూడా తనెక్కడున్నాడో వాళ్ళకి తెలిసిపోయింది. ఇప్పుడు నవ్వుతారు అనుకున్నాడు పరదేశి. ఇప్పుడు లేస్తారు అనుకున్నాడు. పారిపోదామా అని కాళ్ళు లాగాయి. అయినా తల దించకుండా తెర వైపే చూస్తూ నిలబడ్డాడు. తలలు ఒక్కొక్కటిగా మళ్ళీ తెర వైపు తిరిగాయి. ఎవరూ లేవలేదు, ఎవరూ నవ్వలేదు.

సినిమా అయిపోయింది, లైట్లు వేశారు. అప్పటికీ కొంతమంది లేవలేదు. బయటికి వచ్చినవాళ్ళు కూడా సైకిళ్ళ దగ్గరికి వెళ్ళకుండా హాలు ముందే గుంపులుగా నిలబడ్డారు. పొలంలో ఉండిపోయిన ఆడవాళ్ళకి వచ్చి చూడమని కబురు పంపుతున్నారు. ముసలి బంగార్రాజు పరదేశి దగ్గరికి వచ్చి, భుజం మీద రెండుసార్లు తట్టి వెళ్ళిపోయాడు. సత్యారావు టిక్కెట్ల గదిలోంచి పరుగులాంటి నడకతో వచ్చాడు. ముప్పయ్యేళ్ళుగా జనం మొహాలు చదివినవాడు, వాడికి ఒకరు చెప్పక్కర్లేదు.

"బాబూ, మ్యాట్నీ కూడా ఇదే. ఫైటింగ్ సినిమా రేపాడుకుంటాది" అన్నాడు. కొత్త ఆట కదా అని కొబ్బరికాయ, కర్పూరం పట్టుకొచ్చి, రీళ్ళ పెట్టె బయట పెట్టించి, కాయ పరదేశి చేతిలో పెట్టాడు. "నీ సేత్తో కొట్టు."

పరదేశి కాయ పట్టుకుని వెనక్కి తిరిగి చూశాడు. ఈసారి వంటిల్లు లేదు. సన్యాసమ్మ గుంపు వెనక్కి, హాలు గోడ చాటుకి జరుగుతోంది. ఆయన జనంలోంచి దారి చేసుకుని వెళ్ళి కాయ ఆవిడ ముందు పెట్టాడు.

"నువ్వు కొట్టప్పా."

"నానా? ఒద్దురా. మంచిపని. నలుగురూ సూస్తన్నారు."

"చూడనీ. చిన్నప్పుడు రోజూ పొద్దున్నే నీ మొహం చూసే నేను బడికెళ్ళాను. నాకేం తక్కువైంది?"

సన్యాసమ్మ చుట్టూ చూసింది. గుంపులో ఒక్కరు కూడా అడ్డం చెప్పలేదు. అడ్డం చెప్పాల్సిన వాళ్ళే పక్కకి జరిగి దారి ఇచ్చారు. అచ్చియ్యమ్మ కర్పూరం పళ్ళెం అందుకుంది, నుదుట కుంకుమ ఎర్రగా ఉంది. సన్యాసమ్మ ఎప్పుడూ కాయ కొట్టి ఎరగదు. మొదటి దెబ్బకి కాయ జారి సత్యారావు కాలి దగ్గర పడింది. కనకమహాలక్ష్మి కిసుక్కున నవ్వింది, సన్యాసమ్మ కూడా నవ్వింది. రెండోసారి చీరచెంగు నడుముకి దోపుకుని, కాయ గట్టిగా పట్టుకుని రాయి మీద వేసింది. నీళ్ళు రీళ్ళ పెట్టె మీద చిందాయి. పరదేశికి కళ్ళు తడయ్యాయి, దాచుకోలేదు. తన నాలుగు సినిమాల్లో ఇంత గర్వం ఆయనకి ఏ రోజూ కలగలేదు.

మ్యాట్నీ బెల్లు మోగింది. సన్యాసమ్మ చెయ్యి తుడుచుకుని హాలు వైపు నడుస్తుంటే పరదేశి ఆపాడు.

"ఇప్పుడే చూశావు కదప్పా, మళ్ళీనా?"

"పొద్దున్న ఎక్కడ సూసేనురా" అంది సన్యాసమ్మ. "ఎవులు లెగిసిపోతారోనని ఎనక్కి తిరిగి ఆల్నే సూస్తా కూకున్నాను. ఇప్పుడు సూస్తాను."

లోపలికి వెళ్ళి, గోడవార కాకుండా నడిమధ్య సీట్లో కూర్చుంది.